పరీక్షకు ఒకరి దేహం, ఫలితానికి మరొకరి దేహం

2018లో చైనా శాస్త్రవేత్త హె జియాంకుయి జన్యువులు సవరించి కవలలను పుట్టించి జైలుపాలయ్యాడు. లోపంలేని మనిషి అనే కల మాత్రం చెరిగిపోలేదు.

ఆ కలను పల్నాడు నుంచి చూడాలి. 2011లో పిడుగురాళ్ల పేద మహిళలకు డబ్బు ఆశచూపి, హైదరాబాదుకు తరలించి, క్యాన్సర్ మందును వారిపై పరీక్షించారన్న వివాదం రాష్ట్రాన్ని కుదిపింది. ఔషధ నియంత్రణాధికారులు ఆ కంపెనీ అనుమతిని నిలిపివేశారు. ఆకలి పెట్టించిన సంతకం సమ్మతి అవుతుందా?

కులం రక్తశుద్ధిని కాపాడుతుందన్న వాదాన్ని అంబేడ్కర్ 1936లోనే 'కుల నిర్మూలన'లో ఖండించారు. మేలుజాతి బిడ్డ పేరిట అదే వాదం నేడు ప్రయోగశాల నుంచి తిరిగి వస్తోంది. బ్రహ్మనాయుడి చాపకూడును తలచుకునే నేల అడగాల్సింది ఒక్కటే: పరీక్ష వాడకు, ఫలితం మేడకు అయితే ఆ విజ్ఞానం ఎవరిది?