వేడినీళ్లు మనకీ ఉన్నాయి, చెప్పే మనిషే కావాలి

శనివారం తెల్లవారుజామున ఐదింటికి గచ్చిబౌలి నుంచి కొండాపూర్ దాకా ఏ సిగ్నల్ దగ్గర చూసినా టెంపో ట్రావెలర్లు ఆగి ఉంటాయి. భుజాన బ్యాగులు, చెవిలో ఇయర్‌ఫోన్లు, సగం నిద్ర మొహాలు. ఐదు రోజులు స్క్రీన్ ముందు కూర్చున్న ఐటీ కారిడార్ ఆరో రోజు కాస్త ఊపిరి పీల్చుకోడానికి ఊరు దాటుతుంది. ఆ బళ్లలో మన సీనియర్లున్నారు. ప్లేస్‌మెంట్లు బాగుంటే ఇంకో రెండేళ్లలో మనమూ ఉంటాం. వెళ్లేది అనంతగిరికో, లక్నవరానికో, రామప్పకో. దారంతా ఫోన్లో చూసేది మాత్రం జపాన్.

మా హాస్టల్లో కనీసం పదిమంది దగ్గర ఒకటే లిస్టు ఉంది. మొదటి జీతం అమ్మకి, మూడో జీతానికి కొత్త ఫోను, ఏడాది తిరిగేసరికి జపాన్. టోక్యో నుంచి పొద్దున్నే బయల్దేరి ఒక వేడినీటి బుగ్గ, ఒక గుడి, ఒక పాత ఊరు చూసి రాత్రికి తిరిగొచ్చే 'వన్ డే గైడెడ్ ట్రిప్' రీల్సు అందరికీ కంఠతా వచ్చు. నాకేం అభ్యంతరం లేదు. వెళ్లాలి, నాకూ వెళ్లాలనే ఉంది. నా మాట ఒక్కటే: ఆ ట్రిప్పుల్లో అసలు సరుకు వేడినీళ్లు కాదు, గుళ్లు కాదు. పక్కన నిలబడి చెప్పే మనిషి. నీళ్లు, గుడి, ఊరు మూడూ మన దగ్గరా ఉన్నాయి. చెప్పేవాళ్లే తక్కువ. ఆ లోటు తీర్చడం టూరిజం శాఖ పని మాత్రమే కాదు, మనలాంటి తెలుగు సాహిత్య క్లబ్బుల పని కూడా అంటాను.

ముందు అక్కడ సంగతి చూద్దాం. టోక్యో దగ్గర హకోనేలో ఓవాకుదాని అనే అగ్నిపర్వత లోయ ఉంది. అక్కడి వేడినీటి గుంటల్లో కోడిగుడ్లు ఉడకబెట్టి అమ్ముతారు. ఆ నీళ్లలోని గంధకం, ఇనుము కలిసి పెంకు నల్లగా మారుతుంది. ఒక్క గుడ్డు తింటే ఏడేళ్ల ఆయుష్షు పెరుగుతుందని వాళ్ల నమ్మకం. గుడ్డు మనింట్లోనూ ఉడుకుతుంది. ఆ ఏడేళ్ల ముచ్చట విన్నాకే అది హకోనే గుడ్డు అవుతుంది. అలాగే ఆన్సెన్ అంటే ఏదో వేన్నీళ్ల తొట్టి అనుకుంటాం. జపాన్‌లో దానికి 1948లోనే చట్టం చేశారు. భూమిలోంచి వచ్చే చోట నీళ్లు కనీసం 25 డిగ్రీలుండాలి, లేదా చట్టంలో రాసిన 19 పదార్థాల్లో ఒక్కటైనా తగినంత ఉండాలి. అప్పుడే దాన్ని ఆన్సెన్ అనాలి. ముందు బయట శుభ్రంగా ఒళ్లు కడుక్కున్నాకే తొట్టిలో దిగాలి. ఇవన్నీ చెప్పకుండా మనిషిని నీళ్లలోకి తోసేస్తే అది స్నానం అవుతుంది గానీ యాత్ర కాదు.

ఇప్పుడు మన క్లబ్బు వాళ్లు చెవులు రిక్కించాల్సిన సంగతి. జపాన్ దక్షిణాన బెప్పు అనే ఊరుంది. అక్కడ రంగురంగుల్లో మరిగే వేడినీటి మడుగులున్నాయి, వాటిని 'నరకాలు' అంటారు. ఒకటి సముద్రంలా నీలం, ఒకటి నెత్తురులా ఎరుపు. అబురాయ కుమహచి అనే హోటల్ యజమాని 1928లో ఈ నరకాలన్నీ చుట్టి చూపించే బస్సు మొదలుపెట్టాడు. బస్సులో ఆడవాళ్లని గైడ్లుగా పెట్టాడు. జపాన్‌లో మహిళా బస్సు గైడ్లు అక్కడే మొదలయ్యారని చెబుతారు. ఆ అమ్మాయిలు వివరాల్ని వచనంలో చదివి వదిలేయలేదు. ఏడు, అయిదు అక్షరాల వరసలో, వాళ్ల సంప్రదాయ ఛందస్సులో చెప్పేవారు. అంటే ఒక ఊరు తన వేడినీళ్లని పద్యంతో అమ్ముకుంది! మన దగ్గర ఛందస్సుకి కొదవా? ఆటవెలది, తేటగీతి పేర్లు చెబితేనే పరీక్ష గుర్తొచ్చి భయపడుతున్నాం గానీ, బస్సులో మైకు పట్టుకుని చెప్పడానికి అంతకన్నా అనువైనవి ఏమున్నాయి?

ఇక మన సంగతి. పోయిన చలికాలం ఒక ట్రావెల్స్ వాళ్లతో రామప్ప వెళ్లాం. పోస్టర్ మీద 'గైడెడ్ టూర్' అని పెద్దక్షరాల్లో ఉంది. బస్సులో గైడన్న ఉన్నాడు, నిజమే. మంచివాడు కూడా. కానీ ఆయనకి అప్పజెప్పిన పని తలలు లెక్కపెట్టడం, టిఫిన్ ఎక్కడో చెప్పడం, గుడి దగ్గర 'నలభై నిమిషాలు, ఫొటోలు దిగి వచ్చేయండి' అనడం. గుడి దగ్గర స్థానిక గైడ్ ఒకాయన వేరే గుంపుకి చెబుతుంటే నేనూ, ఇంకో ఇద్దరూ ఆ గుంపు వెనక నిలబడి విన్నాం. మా బస్సులో మిగతావాళ్లు వినలేదు. వాళ్ల తప్పేం లేదు, టైం ఇవ్వలేదు మరి.

ఆ నిలబడ్డ కాసేపట్లో విన్నవి, తర్వాత చదివి సరిచూసుకున్నవి కొన్ని చెప్తాను. కాకతీయ గణపతిదేవుడి సేనాని రేచర్ల రుద్రుడు 1213లో మొదలుపెట్టించిన గుడి అది. పని సుమారు నలభై ఏళ్లు సాగిందంటారు. దేవుడి పేరుతోనో రాజు పేరుతోనో కాక, శిల్పి పేరుతో జనం పిలుచుకునే గుడి. పునాది గుంతలో ఇసుక నింపి దాని మీద కట్టారు, నేల కదిలినా ఆ ఇసుక పరుపులా సర్దుకుంటుందని. సివిల్ బ్రాంచి వాళ్లు బేస్ ఐసొలేషన్ గుర్తు చేసుకోండి. పైన శిఖరానికి వాడిన ఇటుకలు నీళ్లలో తేలేంత తేలిక, కింద రాయి మీద బరువు పడకూడదని. చూరు కింద నల్లరాతి మదనికలు. ఆ నాట్య భంగిమలకీ, జాయపసేనాని నృత్తరత్నావళికీ చుట్టరికం ఉంది. వాటిని పట్టుకునే నటరాజ రామకృష్ణ గారు పేరిణి శివతాండవానికి మళ్లీ ప్రాణం పోశారు. 2021 జులైలో యునెస్కో దాన్ని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. మా బస్సు తిరుగు ప్రయాణంలో ఎక్కువగా వినిపించిన మాట 'బాగుంది బ్రో, కానీ చిన్న గుడే'. మాట దక్కని రాయి చిన్నగానే కనిపిస్తుంది.

గుడి అయింది, వేడినీళ్లెక్కడ అంటారా? భద్రాచలం దగ్గర. ఊరికి అయిదు కిలోమీటర్ల దూరంలో గోదావరి ఒడ్డున గుండాల అనే పల్లె ఉంది. చలికాలంలో అక్కడ ఇసుకలో గుంత తవ్వితే వేడినీళ్లు ఊరతాయి. ఆ రోజుల్లో బ్రహ్మ, విష్ణు, మహేశ్వరులు వచ్చి అక్కడ స్నానం చేస్తారని చెప్పుకుంటారు. ఇంకో విచిత్రం: 2014 తర్వాత రాముడి గుడి తెలంగాణలో ఉండిపోయింది, గుండాల ఆంధ్రప్రదేశ్‌లోకి వెళ్లింది. దేవుళ్లు స్నానానికి రాష్ట్రం దాటాలన్నమాట.

జపాన్ వేడినీళ్ల వెనక అగ్నిపర్వతాలున్నాయి. మన గోదావరి లోయలో అగ్నిపర్వతాల్లేవు. మరి వేడి ఎక్కడిది? ఈ లోయ ఒకప్పుడు భూమి పగిలి కుంగిన పొడవాటి గాడి. సింగరేణి బొగ్గు దొరికేది ఈ గాడిలో పేరుకున్న పొరల్లోనే. పగుళ్ల వెంట వాననీరు లోతుకి దిగి, లోపలి వేడికి కాగి, మళ్లీ పగుళ్ల వెంటే పైకి వస్తుంది. గోదావరికి అవతల మణుగూరు దగ్గర పగిడేరులో ఇలాంటి వేడినీళ్లతోనే సింగరేణి సంస్థ 20 కిలోవాట్ల ప్రయోగాత్మక భూతాప విద్యుత్ ప్లాంటు పెట్టింది. నీళ్లు టర్బైన్‌ని తాకవు. తక్కువ వేడికే మరిగే వేరే ద్రవాన్ని ఈ నీళ్లు కాచి ఆవిరి చేస్తాయి, ఆ ఆవిరి టర్బైన్ తిప్పుతుంది. థర్మో క్లాసులో నిద్రపోతూ విన్న ర్యాంకిన్ సైకిల్ ఇదే, నీళ్ల బదులు ఆర్గానిక్ ద్రవం. 20 కిలోవాట్లంటే మన హాస్టల్లో ఓ పన్నెండు ఏసీలకి సరిపోతుందేమో. కానీ బొగ్గు తవ్వే సంస్థే బొగ్గు అక్కర్లేని కరెంటు కోసం అదే నేలని తడిమి చూడటం ఎంత మంచి కథ! మన ఇండస్ట్రియల్ విజిట్ల లిస్టులో ఎందుకు లేదు?

ఇంకా దగ్గరి కథ ఉంది. పాల్వంచ పరగణా తహసీల్దారు కంచెర్ల గోపన్న భద్రాద్రి గుడి కట్టించి, సర్కారు సొమ్ము వాడాడన్న నేరం మీద తానీషా కాలంలో గోల్కొండ ఖైదులో పడ్డాడు. పన్నెండేళ్లు అందులోనే ఉన్నాడంటారు. ఆ ఖైదు గది ఇప్పటికీ కోటలో చూపిస్తారు. ఆ కోట గచ్చిబౌలికి కూతవేటు దూరం. ఫైనాన్షియల్ డిస్ట్రిక్ట్‌లో పై అంతస్తుల కిటికీల్లోంచి చూసేవాళ్లకి భద్రాచలం కథలో సగం కళ్ల ముందే ఉంది. ఆ మాట చెప్పి బస్సెక్కిస్తే మూడొందల కిలోమీటర్ల దారి ఊరికే పోదు.

ఇక ఎదురు ప్రశ్నలు. 'మూడొందల కిలోమీటర్లు ఒక్కరోజులో ఎలా?' శుక్రవారం రాత్రి సికింద్రాబాద్‌లో మణుగూరు రైలెక్కితే తెల్లారేసరికి అక్కడుంటాం. పగిడేరు, భద్రాచలం, గుండాల, వీలైతే పర్ణశాల చూసి రాత్రి బస్సుకి తిరుగు. ఒక పగలు, రెండు రాత్రులు.

'అక్కడ సౌకర్యాలేవి? బట్టలు మార్చుకునే గది కూడా ఉండదు' అని మా క్లాసు అమ్మాయిలు అడిగారు. న్యాయమైన ప్రశ్న. దీన్ని 'మన సంస్కృతి' అంటూ దాటేయకూడదు. ఆ గది, మంచి టాయిలెట్, చెత్తబుట్ట లేకుండా ఎవరినీ పిలవకూడదు. మొదటి ట్రిప్పు స్నానానికి కాదు, చూసి వినడానికి అని ముందే చెప్పాలి.

'మనోళ్లకి తెలిస్తే పాడు చేస్తారు' అనేది మూడోది. ఇది నాకూ ఉన్న భయమే. జపాన్‌కీ ఉంది. ఫుజి పర్వతం కనిపించే ఒక దుకాణం ముందు ఫొటోల జనాన్ని తట్టుకోలేక 2024లో ఫుజికవగుచికో పట్టణం వాళ్లు నల్లటి తెర కట్టారు. క్యోటోలో గియోన్ ప్రాంతపు ప్రైవేటు సందుల్లోకి పర్యాటకులు రాకుండా నిషేధం పెట్టారు. చోటుకి హాని చేసేది ఎక్కువగా కథ తెలియకుండా ఫొటో కోసం మాత్రమే వచ్చే జనం. ఇరవై మందికి మించని గుంపు, ముందు నడిచే ఒక మనిషి, 'ఇక్కడ చెప్పులు విప్పండి, ఇక్కడ ప్లాస్టిక్ తీయొద్దు' అని చెప్పే నోరు ఉంటే సగం నష్టం తగ్గుతుంది. లొకేషన్ పిన్ ఒక్కటే పెట్టి రీలు వదలడం మాత్రం నేను వద్దంటాను.

'ఫోన్లో అడిగితే అన్నీ చెబుతుంది కదా, గైడెందుకు?' ఇది మన బ్రాంచి ప్రశ్న. ఫోను అడిగినదానికి చెబుతుంది. ఇసుకలో గుంత తవ్వితే వేడినీళ్లొస్తాయని తెలియనివాడు ఏమని అడుగుతాడు? పైగా నది ఏ నెలలో ఏ గట్టు ఎక్కుతుందో, ఎక్కడ ఇసుక కుంగుతుందో ఆ ఒడ్డున పుట్టినవాళ్లకి తెలిసినంత సర్వర్‌కి తెలియదు.

అందుకే ఇందులో అసలు లెక్క మన వినోదం కాదు. భద్రాచలం ఏజెన్సీలో డిగ్రీ చదివి ఖాళీగా ఉన్న కోయ యువకులు, యువతులు ఉన్నారు. శని, ఆదివారాలు చెప్పే పనికి డబ్బులొస్తే అది ఉద్యోగం. మనం వెళ్లి వాళ్ల ఊరి గురించి వాళ్లకే ఉపన్యాసం ఇవ్వడం కాదు. వాళ్లు చెప్పాలి, మనం రాసిపెట్టాలి, టికెట్టులో వాళ్ల వాటా మొదట తీయాలి. జపాన్‌లో ఊరూరా స్వచ్ఛంద గైడ్ల బృందాలున్నాయి, నారాలో కాలేజీ విద్యార్థులే ఆ పని చేస్తారు. మనకి ఐటీ కారిడార్ నడిమధ్య, గచ్చిబౌలిలోనే నిథమ్ అనే పర్యాటక విద్యాసంస్థ ఉంది. వాళ్ల విద్యార్థులతో మన క్లబ్బు ఒక్కసారైనా కూర్చుని మాట్లాడిందా?

నేను అడిగేది చిన్నది. ఈ సెమిస్టర్ వ్యాసరచన పోటీ బదులు ఒక 'బస్సు పాఠం' రాద్దాం. అయిదు చోట్లు: గోల్కొండ ఖైదు, రామప్ప, పగిడేరు, భద్రాచలం, గుండాల. ఒక్కో చోటుకి మూడు నిమిషాలు, గట్టిగా చదివితే వినబుద్ధయ్యే తెలుగులో. పద్యం రాయగలిగినవాళ్లు పద్యం రాయండి. మెకానికల్ వాళ్లు టర్బైన్ సంగతి, సివిల్ వాళ్లు ఇసుక పునాది సంగతి చూసుకోండి. భద్రాచలం వైపు నుంచి వచ్చిన మన హాస్టల్ మిత్రులు తప్పులు దిద్దండి. ముందు తెలుగులో తయారైతే ఒడియా, హిందీ, బెంగాలీ మిత్రుల కోసం తర్వాత మార్చుకోవచ్చు. పగిడేరు చూడటానికి సింగరేణి అనుమతి కోరుతూ ఉత్తరం నేను రాస్తాను, క్లబ్బు లెటర్‌హెడ్ ఇప్పిస్తే చాలు. డిసెంబర్లో గోదావరి తగ్గి ఇసుక తేలే వేళకి ఇరవై మంది పేర్లు కావాలి. జపాన్ వెళ్లేవాళ్లు జపాన్ వెళ్లండి, అక్కడి గైడ్ 'మీ ఊళ్లో వేడినీళ్లున్నాయా?' అని అడిగితే చెప్పడానికి మీ దగ్గర మూడు నిమిషాల మాట ఉండాలి కదా.