అర్థం కానిది ఎవరికి?

కాలంలో వెనక్కీ ముందుకీ తిరిగే కథ తెలుగులో ఎవరైనా చెప్పబోతే ఎదురయ్యే మాట ఒకటే: ‘బాగుంది గానీ, మనవాళ్ళకి ఎక్కదు’. సినిమావాళ్ళు దానికి బి సెంటర్, సి సెంటర్ అని లెక్కలు కలుపుతారు. పుస్తకాలవాళ్ళు పాఠకుడు ఇరవయ్యో పేజీ దాటడని జోస్యం చెబుతారు. ఆ కథలో కుటుంబం కూడా ఉందంటే సలహాకి రెండో కొస మొలుస్తుంది. అమ్మానాన్నల సెంటిమెంటు కావాలంటే టైం మెషీన్ తీసెయ్యి, టైం మెషీనే కావాలంటే సెంటిమెంటు తీసెయ్యి, రెండూ ఒక ఒరలో ఇమడవు అని.

ఈ అభిప్రాయం ఎంత పాతుకుపోయిందంటే దీనికి రుజువేమిటని ఎవరూ అడగరు. అడిగితే నిలవదు.

విశాఖపట్నం వన్ టౌన్‌లో, కురుపాం మార్కెట్ పక్క సందుల్లోనో బురుజుపేటలోనో, మేనరికం పెళ్ళి జరుగుతున్న ఇంట్లో కాసేపు కూర్చుంటే చాలు. అక్క కూతుర్ని తమ్ముడు చేసుకుంటున్నాడు. పెళ్ళికూతురి తల్లిగా ఆడపడుచు లాంఛనం ఇవ్వాల్సింది ఆ అక్కే. పెళ్ళికొడుకు అక్కగా దాన్ని పుచ్చుకోవాల్సిందీ ఆవిడే. రేపు వాళ్ళకి పుట్టబోయే బిడ్డకి ఆవిడ తల్లి వైపు నుంచి అమ్మమ్మ, తండ్రి వైపు నుంచి మేనత్త. పందిట్లో ఎవరూ కాగితం తీసుకుని బొమ్మ గీసుకోరు. ఏ చీర ఏ హోదాలో ఎవరికి వెళ్ళాలో వెనక గదిలో కూర్చున్న పెద్దావిడ నోటి లెక్కగా చెప్పేస్తుంది. (ఆ పెళ్ళిళ్ళు మంచివా కావా అన్నది వేరే సంగతి. డాక్టర్లు వద్దంటున్నారు, తగ్గుతున్నాయి కూడా.)

2017 నుంచి 2020 దాకా మూడు సీజన్లుగా వచ్చిన జర్మన్ సీరీస్ ‘డార్క్’ చూసినవాళ్ళు ప్రపంచమంతటా వంశవృక్షాలు గీసుకున్నారు. విండెన్ అనే ఊళ్ళో నాలుగు కుటుంబాలు, వాటిని తరాల మీదుగా ముడేసే గుహ. అందులో షార్లెట్‌కి ఎలిజబెత్ కూతురూ అవుతుంది, తల్లీ అవుతుంది. చుట్టరికం ఇలా మెలిపడటం చాలామంది ప్రేక్షకులకి కొత్త. అమ్మమ్మే మేనత్త అయిన ఇళ్ళున్న జాతికి అదే మెలిక ఎక్కదని తీర్పు చెప్పడం మాత్రం వింత.

ఇక రెండో ఆరోపణ: కాలప్రయాణం పడమటి సరుకట.

పోతన భాగవతం నవమ స్కంధంలో రైవతుడనే రాజున్నాడు. కకుద్మి అన్నా అతడే. కూతురు రేవతికి తగిన వరుణ్ణి అడుగుదామని ఆమెను వెంటబెట్టుకుని బ్రహ్మలోకానికి వెళ్తాడు. అక్కడ పాట జరుగుతోంది, అయ్యేదాకా ఆగుతాడు. తీరా అడిగితే బ్రహ్మ నవ్వి, నువ్వు మనసులో అనుకున్న వరులే కాదు, వాళ్ళ కొడుకులూ మనవలూ కూడా పోయారు, భూమ్మీద ఇరవై ఏడు మహాయుగాలు గడిచాయి అంటాడు. పెళ్ళి సంబంధం చూడబోయిన తండ్రి తిరిగొచ్చేసరికి తన కాలపు మనుషులు ఒక్కరూ లేరు. రేవతి బలరాముడికి భార్య అవుతుంది. విష్ణుపురాణం ఇంకో అడుగు వేసింది: పాత యుగపు పిల్ల కాబట్టి రేవతి మరీ పొడుగట, బలరాముడు నాగలితో వంచి ఆమె ఎత్తు తగ్గించాడట. రెండు కాలాల మనుషుల్ని పక్కపక్కన నిలబెడితే కొలతలు కుదరవు కదా అని ఆలోచించిన కథకుడు అతను. కాలప్రయాణం సినిమాలు తీసే చాలామందికి ఆ మాత్రం పట్టింపు లేదు.

పింగళి సూరన 16వ శతాబ్దంలో రాసిన ‘కళాపూర్ణోదయం’ ఇంకా ముదురు. బ్రహ్మ సరస్వతికి ఒక కథ చెబుతాడు. అందులోని మనుషులు అప్పటికింకా పుట్టలేదు. కథ ముందు, మనుషులు తర్వాత. వినకూడని ఆ కథ ఒకరి చెవిన పడి ఇంకొకరి నోటికెక్కి, చివరికి అందులో చెప్పినట్టే బతుకులు నడుస్తాయి. కథానాయకుడు కళాపూర్ణుడి తల్లిదండ్రుల్లో భార్య మగవాడైపోతుంది, భర్త ఆడదైపోతాడు, ఆ తర్వాత వాడు పుడతాడు. పొత్తిళ్ళలో ఉన్న పసిపాప మధురలాలస గుండెల మీదికి ఒక మణి చేరగానే పూర్వజన్మ గుర్తొచ్చి, పెద్దవాళ్ళ ముందు గతమంతా విప్పుతుంది. అమెరికన్ రచయిత రాబర్ట్ హైన్‌లైన్ 1959లో ఒకే మనిషి తనకు తానే తల్లీ తండ్రీ అయ్యే కథ రాస్తే ఊహకి అది పరాకాష్ఠ అన్నారు. సూరన అంతదూరం పోలేదు గానీ, పోయిన దారి అదే.

ఇది విశాఖకి దూరపు సంగతి కూడా కాదు. సూరన కథ అల్లిన తీరుని 1914లోనే ‘కవిత్వతత్త్వ విచారము’లో విప్పి చూపి, ఆయన్ని ప్రబంధ కవుల్లో ఎత్తున కూర్చోబెట్టిన కట్టమంచి రామలింగారెడ్డి, 1926లో పుట్టిన ఆంధ్ర విశ్వవిద్యాలయానికి మొదటి వైస్‌ఛాన్సలర్. చిక్కుముడి కథని మెచ్చుకునే విద్య వాల్తేరుకి మొన్న ఓటీటీతో దిగుమతి కాలేదు.

పండితుల సంగతి వేరు, మామూలు జనం వేరు అంటారా? మామూలు జనం దగ్గరికే వద్దాం. 1991లో సింగీతం శ్రీనివాసరావు ‘ఆదిత్య 369’ తీశారు. కృష్ణదేవరాయల కాలానికీ, అక్కడి నుంచి 2504కీ తీసుకెళ్ళిన ఆ సినిమాని జనం ఆదరించారు. 2025లో మళ్ళీ విడుదల చేసేంత గుర్తుంచుకున్నారు. 2014లో విక్రమ్ కుమార్ ‘మనం’ వచ్చింది. అందులో కాలయంత్రం లేదు, పునర్జన్మ ఉంది. కానీ ముడి అదే. అక్కినేని నాగేశ్వరరావు పాత్ర పేరు చైతన్య, నాగార్జున పాత్ర పేరు నాగేశ్వరరావు, నాగచైతన్య పాత్ర పేరు నాగార్జున. తొంభై ఏళ్ళ పెద్దాయన తన కొడుకు వయసువాణ్ణి నాన్న అనుకుంటాడు. ఆ నాన్న ఇంకా చిన్నవాడైన కుర్రాణ్ణి నాన్నా అని పిలుస్తాడు. పాత్రల పేర్లు, అసలు పేర్లు, తరాలు అన్నీ తలకిందులు చేసి పెడితే కుటుంబాలు కుటుంబాలుగా వెళ్ళి చూశాయి. తికమక పడ్డామని ఎవరూ టిక్కెట్టు డబ్బులు వెనక్కి అడగలేదు.

2022లో శ్రీకార్తీక్ తీసిన ‘ఒకే ఒక జీవితం’లో శర్వానంద్ ప్రమాదంలో పోయిన తల్లి కోసం 1998కి వెళ్తాడు. అతని స్నేహితులకి వాళ్ళ చిన్నతనం సరిదిద్దుకోవాలని ఉంటుంది. ఆ సినిమాలో బలహీనంగా ఉన్నది యంత్రం దగ్గరి తతంగం. బలంగా ఉన్నది తల్లిగా అమల ఉన్న ఇల్లు. పెరిగి పెద్దవాడైన కొడుకు, తనెవరో తెలియని తల్లి ముందు నిలబడే సన్నివేశానికి ఏ వివరణా అక్కర్లేదు. తల్లిని బతికించలేకపోవడం కూడా సూత్రంలా కాక, ఇంట్లో జరిగిన చావులాగే తగులుతుంది. సెంటిమెంటూ కాలప్రయాణమూ పొసగవన్న సిద్ధాంతానికి ఇదొక్కటే చాలిన జవాబు.

నిజానికి పొసగడం కాదు, రెండూ విడిగా బతకలేవు. ఈ రకం కథలన్నిటికీ మూలమైన చిక్కుప్రశ్నని ఫ్రెంచి రచయిత రెనె బార్జవెల్ 1940ల్లో నవలలో పెట్టాడు. దాని పేరే గ్రాండ్‌ఫాదర్ పారడాక్స్: గతంలోకి వెళ్ళి తాతని చంపితే నువ్వెక్కడి నుంచి వచ్చావు? తాత లేకపోతే చిక్కే లేదు. 1985లో ‘బ్యాక్ టు ది ఫ్యూచర్’ కుర్రాడికి అసలు గండం, తల్లి తన మీదే మనసుపడటం. ఆక్టేవియా బట్లర్ 1979 నవల ‘కిండ్రెడ్’లో నల్లజాతి యువతి డేనా బానిసల కాలానికి పదేపదే లాగబడుతుంది. అక్కడ ఆమె కాపాడాల్సినవాడు బానిసల యజమాని, తన వంశానికి మూలపురుషుడు. వాడు చస్తే తను పుట్టదు, వాడు బతికితే తనవాళ్ళు నలుగుతారు. రాకెట్లతో, లేజర్లతో ఇంత బిగువు రాదు.

వన్ టౌన్‌లో ఇలాంటి కథకి సరుకు వెతుక్కోనక్కర్లేదు. 1933 అక్టోబరులో జలదుర్గ అనే ఓడ కొత్త హార్బరులోకి వచ్చింది. ఈ తీరం నుంచి కూలికీ కొలువుకీ రంగూన్ పోయినవాళ్ళని జనం ‘రంగం వెళ్ళాడు’ అనేవారు. అక్కడ ఏమయ్యారో తెలియని తాతలు ఉత్తరాంధ్రలో ఎన్నో ఇళ్ళలో ఉన్నారు. 1942 ఏప్రిల్ 6న జపాన్ విమానాలు విశాఖ మీద బాంబులు వేశాయి. జనం మూటాముల్లె కట్టుకుని ఊరొదిలారు. ఆ ఏడే బర్మా నుంచి కాలినడకన కాందిశీకులు వస్తున్నారు. ఒకే నెలలో ఊరినుంచి పారిపోయినవాళ్ళూ, ఊరు చేరుకోవాలని నడుస్తున్నవాళ్ళూ. ఆ వారంలోకి ఒక మునిమనవరాలిని దింపి, ముత్తాతని పాత పోస్టాఫీసు దగ్గర నిలబెడితే, ఆయన్ని ఊరొదలనివ్వాలా ఆపాలా అన్నది ఆమె పుట్టుకకి సంబంధించిన ప్రశ్న అవుతుంది.

లేదంటే ఉక్కు ఫ్యాక్టరీ. 1966లో ‘విశాఖ ఉక్కు ఆంధ్రుల హక్కు’ అని జనం ప్రాణాలిచ్చారు. 1971లో శంకుస్థాపన అయింది. భూములిచ్చిన నిర్వాసితులకి ఆర్ కార్డు ఇచ్చారు, ఉద్యోగం వస్తుందన్నారు. ఆ ఉద్యోగం కోసం మనవలు ఇంకా తిరుగుతున్న ఇళ్ళున్నాయి. తాత పేరున్న కార్డు, మనవడి భవిష్యత్తు. కాలయంత్రానికి ఇంతకన్నా సులువైన తాళంచెవి ఏ రచయితకి దొరుకుతుంది?

ఒప్పుకోవాల్సిందీ ఉంది. అర్థం కాని కాలప్రయాణం కథలు తెలుగులోనూ వచ్చాయి, వస్తాయి. తప్పు మాత్రం పాఠకుడిది కాదు. గతం మారుతుందా, మారదా, మారితే పాత కాలం చెరిగిపోతుందా లేక పక్కన ఇంకో పాయగా సాగుతుందా అన్నది రచయిత ముందు తేల్చుకోవాలి, తేల్చుకున్నదానికి చివరిదాకా కట్టుబడాలి. సగం కథ మార్చలేని కాలంతో నడిపి, హీరో చావాల్సి వచ్చేసరికి మార్చగల కాలానికి గెంతితే చదివేవాడికి ఒళ్ళు మండుతుంది. దానికి సినిమావాళ్ళూ పుస్తకాలవాళ్ళూ పెట్టిన పేరు ‘జనానికి ఎక్కలేదు’.

ట్విస్టుని దాచిపెట్టడమే థ్రిల్లర్ అన్న నమ్మకం కూడా పనిగట్టుకుని పెంచినదే. సూరన బ్రహ్మ చేత జరగబోయేదంతా ముందే చెప్పించాడు. ఎలా జరుగుతుందన్న ఆత్రుతతోనే కథ నడుస్తుంది. ‘మాయాబజార్’లో శశిరేఖ పెళ్ళి ఎవరితో అవుతుందో తెలియకుండా హాలుకెళ్ళినవాడు లేడు.

కాలాన్ని ముక్కలు చేసి చెప్పడం ఈ ఊరికీ, తెలుగుకీ కొత్త కాదు. విశాఖ వకీలు రావిశాస్త్రి ‘అల్పజీవి’లో సుబ్బయ్య మనసు ఏ క్షణం ఎక్కడుంటుందో చెప్పలేం. 1969లో వచ్చిన నవీన్ ‘అంపశయ్య’ ఒక్కరోజు కథ. జ్ఞాపకాలు అడ్డదిడ్డంగా తోసుకొచ్చే ఆ నవలని పాఠకులు ఎంతగా తమదనుకున్నారంటే రచయితకి ఇంటిపేరు మార్చి ‘అంపశయ్య నవీన్’ చేశారు. వారపత్రికల రోజుల్లో నాలుగైదు సీరియళ్ళని ఒకేసారి, ప్రతి వారం ఆగిన చోటు నుంచే పట్టుకుని చదివినవాళ్ళు కూడా ఈ పాఠకులే.

కాబట్టి సంపాదకులకీ నిర్మాతలకీ ఒక విన్నపం. ఈసారి ఎవరైనా వన్ టౌన్ కుటుంబాన్ని మూడు కాలాల్లో తిప్పే కథ పట్టుకొస్తే, ‘మనవాళ్ళకి అర్థం కాదు’ అని తిప్పిపంపే ముందు దాన్ని మీ ఇంట్లో అమ్మమ్మకి ఒకసారి చదివి వినిపించండి. రాసేవాళ్ళు కూడా, మధ్యలో ఒక ప్రొఫెసర్‌ని దింపి బల్లమీద గీతలు గీయించి జనానికి పాఠం చెప్పించే అధ్యాయం కొట్టేయండి.