సున్నా లోపం సరైన నమూనాకు రుజువు కాదు

నల్లమల అంచున ఉన్న నాగర్‌కర్నూల్ జిల్లా లింగాల వంటి మండలాల్లో చాలామంది రైతుల యాసంగి నిర్ణయం బోరుబావిలోని నీటిని బట్టే ఉంటుంది. గ్రానైట్ ప్రాంతాల్లో నీరు ప్రధానంగా శిథిల శిలా పొరలోనూ, దాని దిగువన ఉన్న పగుళ్లలోనూ నిలుస్తుంది. కొద్ది దూరంలోనే లభ్యత మారిపోతుంది. ఇటువంటి చోట మోడ్‌ఫ్లో వంటి భూగర్భ జల ప్రవాహ నమూనాలు ఎంతో ఉపయోగకరం. అయితే నమూనాకు అందించే టెక్స్ట్ ఫైళ్లను సరిచూడటాన్ని మనం గుమాస్తా పనిగా భావిస్తున్నాము. అది పరిశోధనా పద్ధతిలో అంతర్భాగం కావాలి.

జల సమతుల్య పట్టికలో లోపం సున్నా శాతమని కనిపించగానే విద్యార్థి సంతృప్తి చెందుతాడు. ఆ సున్నా గణన సక్రమంగా ముగిసిందని మాత్రమే తెలుపుతుంది. మనమిచ్చిన అంకెలు నిజమని చెప్పదు.

ఉదాహరణకు, గంటకు 10,000 లీటర్ల చొప్పున రోజుకు 6 గంటలు నడిచే బోరు 60 ఘనపు మీటర్ల నీటిని తోడుతుంది. మోడ్‌ఫ్లో బావుల ఫైలులో దీనిని రుణ సంఖ్యగా నమోదు చేయాలి. రుణ గుర్తు లోపిస్తే ఆ బోరు నీటిని భూమిలోకి ఇంకించే బావిగా మారుతుంది. 100 రోజుల్లో ఏర్పడే తేడా 12,000 ఘనపు మీటర్లు. ఏడాదికి 100 మిల్లీమీటర్ల నీరు ఇంకే నేలలో ఇది 12 హెక్టార్ల వార్షిక పునర్భరణకు సమానం. అయినప్పటికీ పట్టికలో లోపం సున్నాగానే ఉండవచ్చు.

నీటిమట్టాల విషయంలోనూ ఇదే ప్రమాదముంది. కొలత తీసుకోని నెలకు ఎదురుగా సున్నా చేరితే, నీరు నేలమట్టానికి వచ్చినట్లవుతుంది. కేసింగ్ పైపు అంచు నుండి కొలిచిన లోతులో పైపు ఎత్తును మినహాయించకపోతే ప్రతి కొలతా తప్పుతుంది.

కావున మూల నమోదులను మార్చకుండా భద్రపరచాలి. దిద్దుబాట్లను తేదీతో, కారణంతో వేరుగా రాయాలి. ఫైలు ఆరంభంలో ప్రమాణాలు, కొలత బిందువు పేర్కొనాలి. ఫైలులోని మొత్తం తోడకాన్ని క్షేత్ర నమోదులతో, బోర్ల స్థానాలను గ్రామ పటంతో పోల్చాలి. ఈ పనిని ఫైలు తయారుచేసినవారు కాక మరొకరు చేయాలి.

ఇందుకు సమయం చాలదనే అభ్యంతరం వినిపిస్తుంది. కానీ ఉమ్మడి మహబూబ్‌నగర్‌తో సహా ఏడు జిల్లాల్లో అమలైన రైతు నిర్వహణ భూగర్భ జల పథకంలో రైతులే పదిహేను రోజులకొకసారి నీటిమట్టాలు కొలిచి, ఊరి బోర్డుపై రాశారు. ఆ అంకెను ఊరంతా ప్రశ్నించగలిగేది. మన ఫైలును మాత్రం ఎవరూ తెరిచి చూడరు. సిద్ధాంత గ్రంథంతో పాటు ఫైళ్లను, సరిచూసిన వివరాన్ని సమర్పించడం తప్పనిసరి చేయాలి. మన సలహాను నమ్మి అప్పు తెచ్చి బోరు వేసే రైతుకు, తప్పిన ఒక్క గుర్తు చిన్న పొరపాటు కాదు.