షట్టరుతో పాటు పాత బకాయీ వస్తే...

బ్యాంకు వేలంలో మూతపడ్డ మిల్లు ఒకటి చవగ్గా వచ్చిందనుకుందాం. కొన్నవాళ్లు డబ్బు కట్టారు, రిజిస్ట్రేషన్ చేయించుకున్నారు. తీరా కరెంటు కోసం దరఖాస్తు పెడితే 'పాత యజమాని లక్షల్లో బాకీ ఉన్నాడు. అది కడితేనే కనెక్షన్' అంటారు విద్యుత్ కార్యాలయంలో. వాడుకున్నది ఒకరైతే కట్టాల్సింది మరొకరా? ఈ ప్రశ్న మీద దేశంలో ఏళ్ల తరబడి కేసులు నడిచాయి.

ఒకప్పుడు కొన్నవారికే ఊరట దక్కింది. బీహార్‌కు చెందిన ఈషా మార్బుల్స్ కేసులో సుప్రీంకోర్టు 1995లో తీర్పు చెప్పింది. పాత యజమానితో విద్యుత్ బోర్డు చేసుకున్న ఒప్పందం వేలంలో కొన్న వ్యక్తికి వర్తించదనీ, అతని నుంచి పాత బాకీ అడగడం కుదరదనీ తేల్చింది. చాలామందికి ఇప్పటికీ ఈ తీర్పే గుర్తు. అక్కడే చిక్కు వస్తోంది.

ఆ తర్వాత చాలా రాష్ట్రాల్లో నిబంధనలు మారాయి. పాత బకాయి తీరిస్తేనే ఆ ఆవరణకు మళ్లీ కరెంటు అన్న షరతు వచ్చి చేరింది. ఆ షరతు చెల్లుతుందా అన్నది కె.సి.నినాన్ కేసులో 2023 మే నెలలో తేలింది. నిబంధనల్లో అలాంటి షరతు ఉంటే కొత్త యజమానిని పాత బాకీ అడగవచ్చని ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం చెప్పింది. 'ఉన్నది ఉన్నట్టుగా' అన్న పద్ధతిలో వేలంలో కొన్నవారు, బాకీల సంగతి తామే ముందుగా విచారించుకోవాలని స్పష్టం చేసింది. కాబట్టి ధర చవగ్గా ఉందని తొందరపడితే ఆ మిగులు కాస్తా కరెంటు బాకీకే పోవచ్చు.

కొనేముందు ఏం చూడాలి?

సర్వీసు నంబరు తీసుకుని విద్యుత్ రెవెన్యూ కార్యాలయంలో బకాయి ఎంతుందో అడగాలి. కనెక్షన్ ఎప్పుడో తీసేశారు కదా అని వదిలేయకూడదు. మీటరు పోయినా బాకీ పోదు. కోర్టులో కేసేమైనా నడుస్తోందా, విజిలెన్స్ తనిఖీలో జరిమానా ఏమైనా పడిందా అన్నదీ ఆరా తీయాలి. బాకీ లేదన్న మాటను కాగితం మీద రాయించుకోవడం మంచిది.

షట్టరు అద్దెకిచ్చేవారికీ ఇదే జాగ్రత్త అవసరం. సాధారణంగా మీటరు యజమాని పేరిటే ఉంటుంది. అద్దెకున్నవారు బిల్లు ఎగవేసి వెళ్లిపోతే నోటీసు వచ్చేది యజమానికే. అందుకే బిల్లు ఎవరు కట్టాలో ఒప్పందంలో రాసుకోవాలి. ఆఖరి బిల్లు చెల్లించాకే అడ్వాన్సు తిరిగివ్వాలి. దుకాణంలో దిగేరోజూ, ఖాళీ చేసేరోజూ మీటరు రీడింగు ఇద్దరూ చూసి రాసుకుంటే తర్వాత వాదనే ఉండదు.

రెట్టింపు బిల్లు ఎందుకు?

ఇంటి కనెక్షన్ మీద దుకాణం నడిపినా, మంజూరైన లోడుకు మించి వాడినా విద్యుత్ చట్టం 2003లోని 126వ సెక్షన్ కిందికి వస్తుంది. లోడు మించడమూ ఇందులోకే వస్తుందని ఒడిశాలోని ఒక రైస్‌మిల్లు కేసులో 2011లో సుప్రీంకోర్టు చెప్పింది. అప్పుడు వర్తించే టారిఫ్‌కు రెట్టింపు రేటుతో లెక్క కడతారు. ఎప్పటి నుంచి అలా వాడుతున్నారో తేలకపోతే తనిఖీకి ముందు 12 నెలలకు వేస్తారు. ముందు తాత్కాలిక ఉత్తర్వు ఇస్తారు. దానిమీద అభ్యంతరం రాతపూర్వకంగా ఇచ్చే హక్కు వినియోగదారుకు ఉంది. తుది ఉత్తర్వు మీద 30 రోజుల్లో అప్పీలు చేసుకోవచ్చు, కాకపోతే సగం సొమ్ము ముందే కట్టాలి. ఈ వివాదంతో వినియోగదారుల ఫోరానికి వెళ్తే లాభం లేదని 2013లోనే సుప్రీంకోర్టు తేల్చేసింది. 145వ సెక్షన్ ప్రకారం సివిల్ కోర్టులోనూ దావా వేయలేరు.

మామూలు బిల్లు తప్పుగా వస్తే దారి వేరు. డిస్కం ఏర్పాటు చేసిన వినియోగదారుల ఫిర్యాదుల పరిష్కార వేదికకు రాయాలి. అక్కడ న్యాయం జరగలేదనుకుంటే విద్యుత్ అంబుడ్స్‌మన్‌ను ఆశ్రయించవచ్చు. ఈలోగా ఫ్యూజు పీకేస్తారన్న భయం అక్కర్లేదు. వాళ్లు అడిగిన సొమ్ము లేదా గత ఆరు నెలల సగటు బిల్లు, ఈ రెంటిలో ఏది తక్కువైతే అది అభ్యంతరం తెలుపుతూ కడితే, వివాదం తేలేదాకా కరెంటు తీయకూడదని 56వ సెక్షన్ చెబుతోంది. బిల్లు కట్టలేదని కనెక్షన్ తీయాలన్నా 15 రోజుల ముందు రాతపూర్వకంగా నోటీసు ఇవ్వాల్సిందే.

ఎప్పుడో పొరపాటున తక్కువ వేశామంటూ ఏళ్ల తర్వాత అదనపు బిల్లు పంపినా ఇలాంటి రక్షణే ఉంది. రాజస్థాన్‌కు చెందిన ఒక కేసులో 2020లో సుప్రీంకోర్టు దీన్ని వివరించింది. రెండేళ్లు దాటాక కూడా ఆ సొమ్ము అడగవచ్చు గానీ, దానికోసం కరెంటు కట్ చేయడం కుదరదంది.

ఇక్కడ నోటిమాట చెల్లదు. పాత బిల్లులు, రసీదులు, ఇచ్చిన దరఖాస్తుల నకళ్లు ఒక ఫైలులో పెట్టుకున్న వ్యాపారికి సగం బలం అక్కడే ఉంటుంది.