పాత కారుకు పట్టీల కరవు

మారుతి 800 ఉత్పత్తి 2014 జనవరిలో ఆగిపోయింది. ఆ కార్లు మాత్రం నేటికీ తిరుగుతూనే ఉన్నాయి. ఇంజను నిక్షేపంగా ఉన్నా, ఏళ్ల తరబడి ఎండ తగిలి నల్లని బంపర్లు వెలిసిపోతాయి. తలుపుల మీది ప్లాస్టిక్ పట్టీలు పెళుసెక్కి, క్లిప్పులు విరిగి వేలాడతాయి. ఇది కేవలం అలంకార సమస్య అనుకోరాదు. కొలత కుదరని నాసిరకం పట్టీ బిగిస్తే సందులో నీరు నిలిచి రేకు తుప్పు పడుతుంది. అసలు సరుకు దొరకనివారికి తుక్కు దుకాణాలే గతి. సొంత కారు రిజిస్ట్రేషనుకు చట్టం 15 ఏళ్ల గడువిచ్చింది. 2014లో నమోదైన కారుకు అది 2029 దాకా ఉన్నది. 2022 డిసెంబరులో కేంద్రం ప్రారంభించిన మరమ్మతు హక్కు పోర్టల్‌లో వాహన రంగానికీ చోటు దక్కింది. సమాచారం సరే, సరుకు మాటేమిటి? రిజిస్ట్రేషను గడువు తీరేదాకా విడిభాగాలను, ఆఖరికి క్లిప్పును సైతం, విడిగా అమ్మే బాధ్యతను తయారీదారులపై కేంద్రం చట్టబద్ధంగా ఉంచాలి.