రోజూ గంటన్నర మనసు నిలుపుదాం! 7 నుంచి 8.30 దాకా ఫోన్లు పక్కన పెడదాం!



ఈ కాగితం చేతికి అందిన చోటే నిలబడి చివరిదాకా చదవండి. మధ్యలో ఫోన్ టింగుమంటే అననివ్వండి.

మేం ఓట్లు అడగడానికి రాలేదు, చందాలకూ రాలేదు. రోజుకు గంటన్నర అడగడానికి వచ్చాం. సాయంత్రం 7 నుంచి 8.30 దాకా మన వీధిలో ప్రతి ఇంట్లో టీవీ కట్టేసి, ఫోన్లు ఒక పక్కన పెట్టి, ఎవరి పని మీద వాళ్లం మనసు పెడదాం. పిల్లలతో పాటు పెద్దలం కూడా.

ఏడున్నరకు మన వీధిలో ఏ ఇంట్లోకైనా తొంగి చూడండి. తొమ్మిదో తరగతి పిల్ల బీజగణితం లెక్క చేస్తుంటుంది. రెండు మెట్లు దాటి మూడో మెట్టుకు వచ్చింది. పక్కనున్న ఫోన్ వెలిగింది. చూసింది రెండు క్షణాలే, జవాబు కూడా పెట్టలేదు. మళ్లీ నోటుబుక్కులోకి వచ్చేసరికి మైనస్ కాస్తా ప్లస్ అయిపోయింది. జవాబు కుదరదు. కొట్టేసి మొదటి నుంచి మొదలుపెడుతుంది, ఫోన్ మళ్లీ వెలుగుతుంది. ఎనిమిదిన్నరకు పుస్తకం మూసేసి "నాకు లెక్కలు రావమ్మా" అంటుంది. ఆ పిల్లకు లెక్కలు వస్తాయి. లెక్క పూర్తయ్యేదాకా కూర్చోనిచ్చే ఇల్లే దొరకలేదు. ఎదురుగా కుర్చీలో నాన్న రీల్స్ తిప్పుతున్నాడు, గదిలో టీవీ గోల, వసారాలో అన్నయ్య గేమ్. "చదువుకోవే" అని అరిచే హక్కు ఆ ఇంట్లో ఎవరికుంది?

ఇది ఇంటింటి బలహీనత మాత్రమే కాదు. అవతల మన చూపు పట్టి ఉంచడమే వ్యాపారంగా పెట్టుకున్నవాళ్లు ఉన్నారు. వేలితో తోస్తూ పోతుంటే అడుగన్నదే రాని పేజీని 2006లో తయారుచేసిన అజా రాస్కిన్, దాని వల్ల జరిగిన చేటుకు తర్వాత తనే బహిరంగంగా విచారం వ్యక్తం చేశాడు. కాలిఫోర్నియాలో గ్లోరియా మార్క్ అనే పరిశోధకురాలు జనం తెర మీద ఒక్కో విషయం దగ్గర ఎంతసేపు ఆగుతున్నారో ఏళ్ల తరబడి కొలిచారు. 2004లో సగటున రెండున్నర నిమిషాలు. ఈమధ్యకాలంలో 47 సెకన్లు. ఒక పనిని సగంలో వదిలి ఇంకోదాని మీదికి మళ్లితే మనసులో కొంత భాగం పాత పని దగ్గరే చిక్కుకుని ఉంటుందని సోఫీ లెరోయ్ అనే మరో పరిశోధకురాలు 2009లో చూపించారు. మన పిల్ల నోటుబుక్కులో మైనస్ ప్లస్ అయింది అందుకే.

మనసు నిలపడం మన తెలుగువాళ్లకు కొత్తగా నేర్పాల్సిన విద్య కాదు. దాన్ని సభకెక్కించి పండగ చేసుకున్న జాతి మనది. అష్టావధానం చూసినవాళ్లకు తెలుసు. అవధాని చుట్టూ ఎనిమిది మంది పృచ్ఛకులు, అంటే ప్రశ్నలడిగేవాళ్లు. నిషిద్ధాక్షరి ఇచ్చేవారు ఒక్కో అక్షరం దగ్గరా తర్వాత ఏ అక్షరం రాకూడదో చెబుతారు. ఇంకొకరు సమస్య ఇస్తారు, మరొకరు దత్తపదికి నాలుగు మాటలిస్తారు, అవి వచ్చేలా పద్యం చెప్పాలి. ఒకరు వీలు చూసుకుని గంట కొడుతుంటారు, ఎన్ని దెబ్బలో లెక్క తప్పకుండా చెప్పాలి. ఇక అప్రస్తుత ప్రసంగం చేసేవారి పనల్లా ఏదో ఒకటి అడిగి ధ్యాస చెదరగొట్టడమే. పద్యం ఒక్కసారిగా పూర్తి కాదు. పాదం తర్వాత పాదంగా, చుట్టు తర్వాత చుట్టుగా సాగుతుంది. చివర ధారణ: అన్ని పద్యాలూ వరసగా, కాగితం లేకుండా అప్పజెప్పాలి. అవధానులు దివాకర్ల తిరుపతి శాస్త్రి, చెళ్లపిళ్ల వేంకట శాస్త్రి ఎనిమిది మందితో ఆగకుండా నూరుమందితో శతావధానాలే చేశారు. ఊళ్లకు ఊళ్లు కదిలి వచ్చి విన్నాయి.

అక్కడ గమనించాల్సింది ఒకటుంది. అవధాని ఎంత గొప్పవాడైనా సభ గోల చేస్తే అవధానం సాగదు. అందుకే సంచాలకుడు ఉంటాడు, వరస తప్పకుండా చూస్తాడు. అప్రస్తుత ప్రసంగానికి కూడా ఒక హద్దుంటుంది. మన ఇళ్లలో ఫోన్ అనే అప్రస్తుత ప్రసంగికి హద్దే లేదు, సంచాలకుడూ లేడు. ఒంటరిగా పధ్నాలుగేళ్ల పిల్ల దాన్ని గెలవాలంటున్నాం. ఇది అన్యాయం. మనసు నిలవాలంటే చుట్టూ ఉన్న నలుగురూ నిలవనివ్వాలి. అందుకే ఒక్కో ఇంటిని విడిగా కాకుండా వీధి మొత్తాన్నీ అడుగుతున్నాం.

ఇది జరిగే పనేనా అంటారా? జరిగింది. మహారాష్ట్రలో సాంగ్లీ జిల్లా మోహిత్యాంచే వడ్‌గావ్ అనే పల్లెలో 2022 ఆగస్టులో రోజూ సాయంత్రం 7 గంటలకు గుడి మీది సైరన్ మోగించడం మొదలుపెట్టారు. మోగగానే టీవీలు, ఫోన్లు ఆగిపోయేవి. 8.30కి మళ్లీ సైరన్. కరోనా రోజుల్లో ఆన్‌లైన్ పాఠాల పేరుతో పిల్లల చేతికి వచ్చిన ఫోన్లు బళ్లు తెరిచాక కూడా వదలకపోవడంతో ఊరు ఈ పనికి దిగింది. మొదట ఈ మాట చెబితే మగవాళ్లు నవ్వారట. పట్టుబట్టి నిలబెట్టింది ఆడవాళ్లు. పంచాయతీ సిబ్బంది, అంగన్‌వాడీ కార్యకర్తలు ఇల్లిల్లూ తిరిగారు. ఒక్క ఇంట్లో అయితే అది శిక్షలా ఉండేది, ఊరంతా చేసేసరికి అలవాటైంది.

మీ అభ్యంతరాలు మాకు తెలుసు. ఆసుపత్రి నుంచో, పొలం నుంచో, పొరుగూళ్లో ఉన్న కొడుకు నుంచో ఫోన్ వస్తే ఎలా అంటారు. ఫోన్ కట్టేయమనడం లేదు. నెట్ ఆపేసి, మోత పెంచి, గూట్లో పెట్టండి. మోగితే లేచి వెళ్లి మాట్లాడండి. అంగళ్లలో స్కానింగ్ మీద డబ్బులు తీసుకునేవాళ్లకు, డ్యూటీలో ఉన్నవాళ్లకు ఈ నియమం వర్తించదు.

సీరియల్ సంగతి వేరు, దాన్ని తేలిగ్గా తీసేయం. పొద్దున అయిదింటికి లేచిన తల్లికి నడుం వాల్చే సమయం చాలా ఇళ్లలో ఆ సీరియల్ అరగంటే. అది తీసేసి ఆమెను మళ్లీ వంటింట్లోకి తోస్తే మనం చేసింది మంచి కాదు. కాబట్టి మగవాళ్లకు మా మాట: ఆ గంటన్నర వంట, గిన్నెలు మీరు అందుకోండి. ఆమె కాసేపు పడుకుంటుందో, పేపరు చదువుతుందో, మిషన్ మీద జాకెట్ కుడుతుందో, అది ఆమె ఇష్టం.

ఆ సమయంలో చదువే చదవాలనీ లేదు. పిల్లలు చదువుకుంటారు. పెద్దలు లెక్కల పుస్తకం రాసుకోవచ్చు, పూలు కట్టవచ్చు, నాయనమ్మ చెప్పే కథ పూర్తిగా వినవచ్చు. ఒకటే షరతు. ఒక పని పట్టుకుంటే అది అయ్యేదాకా ఇంకోటి ముట్టుకోవద్దు. మొదటి వారం చెయ్యి దానంతటదే గూటి వైపు పోతుంది. పిల్లలకంటే ముందు మీరే లేస్తే పని మొదట్లోనే చెడుతుంది, కాబట్టి ఓర్చుకోండి.

ఇంట్లో చోటు లేని పిల్లలు ఆ వేళకు శాఖా గ్రంథాలయానికి రండి. బల్లలు, దీపాలు, తాగునీళ్లు చూస్తాం. డిగ్రీ చదివే అన్నలు, అక్కలు వారానికి ఒక సాయంత్రమైనా వచ్చి చిన్నపిల్లల పక్కన కూర్చోండి. పాఠం చెప్పకపోయినా ఫర్వాలేదు, మీ పుస్తకం మీరు చదువుకుంటూ కూర్చున్నా చాలు.

వచ్చే సోమవారం సాయంత్రం సరిగ్గా 7 గంటలకు వీధి మొదట్లో బడి గంట కొడతాం. గంట వినగానే టీవీ కట్టేయండి, ఫోన్ గూట్లో పెట్టండి, పిల్లల పక్కన కూర్చోండి. చదివాక ఈ కాగితం పారేయకండి, పక్కింటివాళ్ల చేతిలో పెట్టండి.

ఇట్లు,
మీ వీధి తల్లిదండ్రులు, గ్రంథాలయ పాఠకులు