మోత – 11: సాక్సఫోన్‌కు కుర్చీ ఎట్లా దొరికింది?



పోయిన వారం దర్శనం మొగులయ్య గారి పన్నెండు మెట్ల కిన్నెర గురించి రాస్తే చాలామంది ఒకే మాట అడిగారు: “పద్మశ్రీ ఇచ్చారు కదా సార్, ఇంకేం కావాలి?” జవాబు చాలా దూరం నుంచి, ఒక సాక్సఫోన్ రచన దగ్గర్నుంచి మొదలుపెడతాను. ఓపిక పట్టండి, భద్రాచలం దాకా వస్తాను.

నేను సంగీతం చదువుకోలేదు. నా డాక్టరేట్ తెలుగు సాహిత్యంలో. ఈ రచన దగ్గరికి నన్ను తీసుకుపోయింది మా డిగ్రీ పిల్లాడొకడు. వాళ్ల నాన్నకు బ్యాండ్ మేళం ఉంది. వీడు అందులో సాక్సఫోన్ వాయిస్తాడు. ముహూర్తాల రోజుల్లో కొత్తగూడెం, పాల్వంచ, ఇల్లందు పెళ్లిళ్లలో ఉంటాడు, క్లాసులో ఉండడు. హాజరు తగ్గుతుంది, ఫైన్ కడతాడు. కాలేజీ ఫారంలో ‘ఇతర నైపుణ్యాలు’ అన్న గడిలో అడ్డగీత పెట్టాడు. ఇదేందిరా అంటే “అది బ్యాండే కద సార్” అన్నాడు. కాసేపాగి వాడే అడిగాడు: “మేం వాయించేవన్నీ ఎవరో పాడిన సినిమా పాటలే. ఈ వాద్యం కోసమే రాసింది ఏమన్నా ఉంటదా?”

ఉంది. పాల్ క్రెస్టన్ 1939లో ఆల్టో సాక్సఫోన్‌కూ పియానోకూ కలిపి రాసిన సొనాటా. సొనాటా అంటే ఒకటో రెండో వాద్యాల కోసం కొన్ని భాగాలుగా కట్టిన పెద్ద రచన. ఇందులో మూడు భాగాలు: మొదటిది ఉరుకుతుంది, రెండోది నింపాదిగా నడుస్తుంది, మూడోది ఆడుతుంది. మొత్తం పావుగంట కూడా పట్టదు. పాశ్చాత్య సంగీత కళాశాలల్లో సాక్సఫోన్ చదివేవాళ్లలో దీన్ని ముట్టకుండా బయటికొచ్చేవాళ్లు తక్కువ. క్రెస్టన్ సిసిలీ నుంచి న్యూయార్క్‌కు వలస వచ్చిన పేద ఇంటి పిల్లాడు. సంగీత రచన తనకు తానే నేర్చుకున్నాడు. అసలు పేరు జుసెప్పే గుట్టోవెజ్జో. పేరు ఎందుకు మార్చుకుని ఉంటాడో మనలో ఇంటిపేరు దాచుకుని బతికినవాళ్లకు వేరే చెప్పక్కర్లేదు.

ఈ రచనకున్న విలువ తెలియాలంటే ఆ వాద్యం పడ్డ అవమానం తెలియాలి. అడోల్ఫ్ సాక్స్ 1846లో పారిస్‌లో దీనికి పేటెంట్ తీసుకున్నాడు. అప్పటికి సింఫనీ ఆర్కెస్ట్రాలో ఎవరి కుర్చీలు వాళ్లకు ఖరారైపోయాయి. కొత్తగా వచ్చినదానికి మిలిటరీ బ్యాండే గతి. పారిస్ కన్సర్వేటరీలో 1857 నుంచి సాక్స్ స్వయంగా మిలిటరీ విద్యార్థులకు నేర్పాడు. 1870లో ఆ క్లాసు మూతపడింది. మళ్లీ తెరిచింది 1942లో, మార్సెల్ మ్యూల్ గురువుగా. 72 ఏళ్లు! ఈలోగా నల్లజాతి సంగీతకారులు దాన్ని జాజ్‌లోకి తీసుకుని ప్రపంచమంతా వినిపించారు. అదే దాని నేరమైంది. 1938లో జర్మనీలోని డ్యూసెల్‌డార్ఫ్‌లో నాజీలు ‘భ్రష్ట సంగీతం’ అని ఎగ్జిబిషన్ పెట్టారు. దాని పోస్టర్ మీద సాక్సఫోన్ ఊదుతున్న నల్లవాడి వికార చిత్రం, కోటు మీద యూదుల నక్షత్రం. ఎవరి నోట్లో ఉందో చూసి వాద్యానికి మైల అంటగట్టడం మన దగ్గరే పుట్టిన విద్య అనుకుంటాం. అక్కడా ఉంది.

మరి కుర్చీ ఎట్లా దొరికింది? ఆర్కెస్ట్రా జాలిపడి ఇవ్వలేదు. ఈనాటికీ అందులో దానికి శాశ్వత స్థానం లేదు, పిలిచినప్పుడు వచ్చి పోవడమే. వాయించేవాళ్లే పని పెట్టుకున్నారు. సెసిల్ లీసన్ వాయిస్తే పక్కన పియానో పట్టింది క్రెస్టనే. సొనాటా ఆయనకే అంకితం. జర్మనీ వదిలి వెళ్లిపోయిన సిగుర్డ్ రాషర్ కోసం గ్లజునోవ్ 1934లో కాన్సర్టో రాశాడు. జర్మనీ నుంచే అమెరికా చేరిన బెర్న్‌హార్డ్ హైడెన్ 1937లో ఒక సొనాటా రాశాడు. 1970లో రష్యన్ స్వరకర్త ఎడిసన్ డెనిసోవ్ రాసిన సొనాటా మూడో భాగంలోకి జాజ్ నేరుగా నడిచొచ్చింది. రాయించుకున్నారు, వాయించారు, అచ్చేయించారు, శిష్యులకు నేర్పారు, పరీక్షలో పెట్టారు. ఇట్లా మళ్లీ మళ్లీ వాయించే, నేర్పే, అడిగే రచనల మూటనే రెపర్టరీ అంటారు. లీసన్ పోయాడు, క్రెస్టన్ పోయాడు, మూట ఉంది. రేపు ఏ ఊరి పిల్లైనా దాన్ని విప్పుకోవచ్చు.

తెలుగు విద్యార్థులకు దీని చుట్టం తెలుసు. 1941లో జాషువా ‘గబ్బిలం’ వచ్చింది. మేఘంతో కబురు పంపడం కాళిదాసు దారి. జాషువా ఆ సందేశకావ్యం చట్రాన్నే తీసుకుని, అస్పృశ్యుడి కబురును గబ్బిలంతో కాశీ శివుడికి పంపాడు. వాళ్ల చట్రంలోకి ఎందుకు వెళ్లాలని అడిగేవాళ్లు అప్పుడూ ఉండే ఉంటారు, ఇప్పుడూ ఉన్నారు. వెళ్లాడు కాబట్టే సిలబస్ నుంచి తీసేయలేని పుస్తకం ఒకటి మన చేతిలో ఉందని నా అభిప్రాయం.

కద్రి గోపాల్‌నాథ్ ఉన్నారు కదా అంటారు. ఉన్నారు, గొప్పవారు. మంగళూరు వైపు నాదస్వరం వాయించే ఇంట్లో పుట్టి, మైసూరు ప్యాలెస్ బ్యాండులో సాక్సఫోన్ చూసి, దాన్ని కర్ణాటక కచేరీలో కూర్చోబెట్టారు. 1994లో లండన్‌లో బీబీసీ ప్రామ్స్ వేదిక ఎక్కారు. అయితే ఆయన ప్రధానంగా వాయించింది గొంతు కోసం పుట్టిన కృతులే. అది ఆయన లోపం కాదు, ఆ సంప్రదాయమే పాట చుట్టూ కట్టింది. నాదస్వరానికైతే ఊరేగింపులో వాయించే మల్లారి అని తనదైన సొత్తు ఉంది. మా పిల్లాడి సాక్సఫోన్‌కు అట్లాంటిది ఇక్కడ ఎవరూ కట్టలేదు.

ఇప్పుడు భద్రాచలం. రామదాసు కీర్తనలు గోదావరి ఒడ్డున వాటంతటవే నిలబడలేదు. గుడి పట్టుకుంది, బాలమురళీకృష్ణ పాడి ఇంటింటికీ చేర్చారు, ఏటా వాగ్గేయకారోత్సవాల్లో నవరత్న కీర్తనలు గోష్ఠిగా పాడుతున్నారు, పిల్లలకు నేర్పుతున్నారు. అదే జిల్లాలో మణుగూరు మండలం కూనవరంలో సకిని రామచంద్రయ్య గారు డోలు మీద సమ్మక్క సారలమ్మల కథ కోయలోనూ తెలుగులోనూ చెప్పేవారు. ఆయనకూ మొగులయ్య గారికీ 2022లోనే పద్మశ్రీ వచ్చింది. 2024లో రామచంద్రయ్య గారు పోయారు. అదే ఏడాది మొగులయ్య గారు కూలిపనికి పోతున్న వీడియో మనమందరం ఫోన్లలో చూశాం. అవార్డు మనిషి మెడలో పడుతుంది. మనిషితో పాటే పోతుంది. (డోలు కథలను ఎట్లా నిలపాలో కోయ మిత్రులే చెప్పాలి, అందులో తీర్పు నాది కాదు.)

మా డప్పు సంగతి మాత్రం నేను మాట్లాడతాను. ఆంధ్రప్రదేశ్‌లో డప్పు కళాకారులకు పింఛను ఉంది, మంచిదే, ముసలితనంలో అన్నం పెడుతుంది. మన సభల్లో డప్పు లేకుండా మైకు ఆన్ కాదు. కానీ మనం కూడా దాన్ని జనాన్ని పోగేయడానికి వాడుకుంటున్నాం. వక్త రాగానే ఆపమంటాం. చావుకో దరువు, పెళ్లికో దరువు, జాతరకో దరువు. నిప్పు సెగకు తోలు కాచి, సిర్ర, చిటికెన పుల్ల పట్టి వేళ్లతో కట్టిన ఆ కూర్పు ఎవరిది? ఏ పేటలో ఎవరి తాత కట్టాడు? పాట రాసినవాడి పేరు పోస్టర్ మీద వేస్తాం. దరువు కట్టినవాడి పేరు మనకూ తెలియదు.

‘డప్పుకు సొనాటా ఎందుకు, అది బ్రాహ్మణీకరణ కాదా’ అని ఒక మిత్రుడు ముందే కోప్పడ్డాడు. సొనాటా రాయమనడం లేదు తమ్ముడూ. పది నిమిషాలు డప్పే మాట్లాడే రచన, పాటకు తోడుగా కాదు, ఊరేగింపుకు ముందు కాదు, జనం కూర్చుని వినేది. కట్టినవారి పేరుతో రికార్డు కావాలి, దెబ్బ దెబ్బకూ గుర్తు పెట్టి రాయాలి, డిగ్రీలో మార్కులుండే పేపరుగా రావాలి. నేర్పే మాస్టారుకు పీహెచ్‌డీ అడక్కుండా జీతం ఇవ్వాలి. రాస్తే దరువు బిగుసుకుపోతుందన్న భయం ఉత్తదేం కాదు. కానీ రాయనందుకు ఎన్ని దరువులు పోయాయో లెక్క కూడా లేనివాళ్లం ఆ భయంతో ఆగిపోకూడదు.

పోయిన నెల మా వైపు ఇద్దరు పెద్దమనుషుల దగ్గర కూర్చున్నాను. ఒకే దరువుకు ఇద్దరూ రెండు పేర్లు చెప్పి గంటసేపు వాదులాడుకున్నారు. అదంతా ఫోన్‌లో రికార్డయింది. రెండు పేర్లూ రాసుకున్నాను. మీ పేటలో ఆ దరువును ఏమంటారో, మీకు నేర్పింది ఎవరో ఇంట్లో పెద్దవాళ్లను అడిగి రాయండి. వచ్చే భాగం వాటి మీదే.